యొర్దాను లోయలో ఒక ఉమ్మడి సేద్యపు ఊరు

పరిశుద్ధ దేశ యాత్ర చేసి వచ్చిన మన వారిని ఏమేమి చూశారని అడిగితే బేత్లెహేము, కల్వరి, గలిలయ సముద్రము, యొర్దాను నది అని వరుసగా చెబుతారు. యొర్దానులో దిగి, సీసాలో నీళ్ళు పట్టుకొని, అక్కడి అంగడిలో ఖర్జూరపు పండ్లు కొనుక్కొని వస్తారు. ఆ రేవును నడిపేది ఒక ఊరి రైతులని మాత్రము చాలామందికి తెలియదు. వెళ్ళేవరకు మాకూ తెలియదు. యర్దెనిత్ అనే ఆ బాప్తిస్మపు రేవు కిన్నెరెత్ అనే ఉమ్మడి సేద్యపు ఊరిది. అటువంటి ఊరిని హెబ్రీ భాషలో కిబ్బుత్స్ అంటారు. ఇశ్రాయేలు దేశములో అవి సుమారు 270 ఉన్నాయి.

దేవుని కృపను బట్టి 2018 మే నెలలో మేమిద్దరము మన ప్రాంతపు యాత్రికులతో కలిసి ఆ దేశము వెళ్ళాము. గలిలయ తీరాన మా బృందము బస చేసిన గినోసార్ కూడా ఒక కిబ్బుత్సే. 1986లో కరవు వలన సముద్రపు నీరు వెనక్కు తగ్గినప్పుడు, ఆ ఊరి జాలరులైన అన్నదమ్ములిద్దరు బురదలో ఒక పాత పడవను కనుగొన్నారు. అది మన ప్రభువు దినాల నాటిదని పండితులు తేల్చారు. 8 మీటర్ల పొడవున్న ఆ పడవను చూస్తూ మా బృందములో చాలామంది కన్నీళ్ళు పెట్టుకున్నారు. అయితే ఈ వ్యాసములో మేము వ్రాయదలచుకున్నది ఆ పడవను గూర్చి కాదు. ఒక ఊరిలో మేము గడిపిన రెండు రోజులను గూర్చి.

మా సంఘములో పెరిగిన ఒక సహోదరి అక్కడ యొర్దాను లోయలో ఒక కిబ్బుత్సులో వృద్ధురాలికి సేవ చేస్తూ ఉండేది. భర్త కౌలు రైతు. వరుసగా రెండు పంటలు తుపానుల పాలై అప్పు పెరిగిపోతే, 2013లో ఇద్దరు పిల్లలను తల్లి దగ్గర వదిలి వెళ్ళింది. అప్పటికి పెద్దదానికి తొమ్మిదేళ్ళు, చిన్నవాడికి ఆరు. అటువంటి పనికి వచ్చేవారు కుటుంబాన్ని వెంట తెచ్చుకోవడానికి ఆ దేశపు చట్టము ఒప్పదు. “అయ్యగారూ, అమ్మగారూ, ఇంత దూరము వచ్చి నన్ను చూడకుండా వెళ్ళిపోతారా?” అని ఫోనులో అడిగింది. శనివారము ఉదయము మా బస్సు మమ్మల్ని ఆ ఊరి గుమ్మము దగ్గర దింపి, ఆదివారము రాత్రి తిరిగి ఎక్కించుకొనేట్లు ఏర్పాటు చేసుకున్నాము.

పైన మేస్త్రీ లేని పొలము

దారిలో దెగానియా చూశాము. యొర్దాను నది గలిలయ సముద్రము నుండి బయటకు వచ్చే చోట, సముద్రమట్టానికి సుమారు 200 మీటర్ల దిగువన ఉన్నది ఆ ఊరు. కిబ్బుత్సులన్నిటిలో మొదటిది. గుమ్మము ప్రక్కన 1948 యుద్ధములో అక్కడి వరకు వచ్చి ఆగిపోయిన సిరియా ట్యాంకు ఇప్పటికీ ఉంది.

1910లో పదిమంది యువకులు, ఇద్దరు యువతులు ఉమ్ జూని అని అరబ్బులు పిలిచే చోట కలిసి సేద్యము మొదలుపెట్టారు. రష్యా సామ్రాజ్యములో యూదులు పడే బాధలు తట్టుకోలేక వచ్చినవారు. తమ వంటివారు కూలికి దున్నుతుంటే గట్టు మీద నిలబడి అజమాయిషీ చేసే మేస్త్రీ వారికి నచ్చలేదు. పైన మేస్త్రీ వద్దు, క్రింద కూలివాడు వద్దు, అందరము కలిసి పని చేసి అందరము కలిసి తింటాము అన్నారు. భూమి ఎవరి పేరా లేదు. చేతనైనంత పని చేయాలి, అవసరమైనంత తీసుకోవాలి. మలేరియా జ్వరాలతో, ఎండలతో వాళ్ళు పడిన పాట్లు అన్నీ ఇన్నీ కావు.

1913లో అక్కడ మొదటి బిడ్డ పుట్టాడు. రెండవ బిడ్డ 1915లో పుట్టిన మోషే దయాన్, తరువాతి కాలములో ఆ దేశపు రక్షణ మంత్రి. బిడ్డలు పుట్టగానే కొత్త ప్రశ్న వచ్చింది. తల్లి పొలానికి వెళ్తే బిడ్డ ఎవరి బాధ్యత? ఆ బిడ్డ ఊరందరి బాధ్యత అని వారు అనుకున్నారు. ఆ మాట తరువాతి ఊళ్ళలో ఎంత దూరము వెళ్ళిందో మేము సవ్తా నోట విన్నాము.

సవ్తా చెప్పిన దినచర్య

మా సహోదరి సేవ చేస్తున్న వృద్ధురాలిని అందరూ సవ్తా అని పిలుస్తారు. సవ్తా అంటే మామ్మ. అప్పటికి ఆమెకు 86 ఏళ్ళు. పుట్టింది రుమేనియాలో. యుద్ధములో తల్లిదండ్రులను పోగొట్టుకొని, పదహారవ ఏట 1948లో ఓడ ఎక్కి వచ్చారట. చక్రాల కుర్చీలో, కాగితపు పూలచెట్టు నీడలో కూర్చొని ఆమె హెబ్రీలో చెబుతుంటే, మా సహోదరి తెలుగులో చెప్పింది.

“మాకు ఎవరూ లేరు. ఈ ఊరే మాకు అమ్మా నాన్నా” అని మొదలుపెట్టారు.

పెళ్ళయిన జంటకు ఒక గది, చిన్న వరండా ఇచ్చేవారు. వంటగది ఉండేది కాదు. తెల్లవారుజామున నాలుగింటికి లేచి ద్రాక్షతోటకో, అరటితోటకో, పశువుల పాకకో వెళ్ళేవారు. రేపు ఎవరికి ఏ పని అన్నది ముందురాత్రే భోజనశాల గోడ మీద కాగితము అంటించేవారు. ఆ పనులు పంచే బాధ్యత వంతులవారీగా ఒక్కొక్కరిది. ఆ పదవికి మాత్రము ఎవరూ ఎగబడేవారు కాదట. అందరిచేత తిట్లు తినే పదవి మన ఊళ్ళలో నీళ్ళు వదిలేవాడిదైతే, అక్కడ అది.

ఎనిమిది గంటలకు భోజనశాలలో ఫలహారము. రొట్టె, ఉడికించిన గుడ్డు, పెరుగు వంటి తెల్లని జున్ను, టమాటాలు, కీర దోసకాయలు. కూరగాయలు ఎవరికి వారే పళ్ళెములో సన్నగా తరుక్కుంటారు. తొక్కలు, గుడ్డు పెంకులు వేయడానికి బల్ల మధ్య ఒక గిన్నె ఉండేది. దానికి ఒక పేరు కూడా ఉంది, కొల్బొయ్నిక్ అని. బట్టలు ఊరి చాకిరేవులో ఉతికేవారు, ఎవరి బట్టల మీద వారి నంబరు. ఎవరికీ జీతము లేదు. ఇల్లు, తిండి, బట్ట, వైద్యము, పిల్లల చదువు అన్నీ ఊరివే. చేతి ఖర్చుకు ఏటా కొంచెము డబ్బు ఇచ్చేవారు.

శనివారము రాత్రి ఊరంతా సమావేశము. ఏ పైరు వేయాలి, ఏ పిల్లవాడిని పై చదువుకు పంపాలి అన్నీ చేతులెత్తి తీర్మానించేవారు. 1950లలో గదిలో ఎవరికి వారు టీ కెటిల్ పెట్టుకోవచ్చునా అన్నది పెద్ద తగాదా అయిందట. మేము నవ్వితే ఆమె నవ్వలేదు. “ఈ రోజు కెటిల్ అయితే రేపు పొయ్యి. పొయ్యి వస్తే భోజనశాలకు ఎవరు వస్తారు?” అన్నారు. తరువాత జరిగింది చూస్తే ఆ భయము వట్టిది కాదనిపించింది.

ఆ రోజులలోనే చనిపోయినవారి నిమిత్తము జర్మనీ ప్రభుత్వము నష్టపరిహారము పంపింది. సవ్తా ఆ సొమ్ము యావత్తూ ఊరి ఖాతాలో వేసేశారు. బాధ కలుగలేదా అని అడిగాము. “అది మా అమ్మానాన్నల ప్రాణానికి కట్టిన ఖరీదు. ఒక్కదాన్ని ఎలా తినగలను?” అన్నారు. ఆ జవాబుకు మేము చాలాసేపు మాట్లాడలేకపోయాము.

పిల్లల ఇల్లు

ఊరి మధ్య పెంకుటిల్లు ఒకటి చూపించారు. ఇప్పుడు అది సామాను గది. ఒకప్పుడు పిల్లల ఇల్లు. అప్పట్లో చాలా కిబ్బుత్సులలో పిల్లలు తల్లిదండ్రుల దగ్గర పడుకొనేవారు కారు. ఆసుపత్రి నుండి రాగానే పసిబిడ్డను పసిపిల్లల ఇంటిలో అప్పగించేవారు. తల్లి వేళకు వెళ్ళి పాలిచ్చి వచ్చేది. పెరిగాక ఈడువారు అయిదారుగురు ఒక గుంపుగా, ఒక ఆయా చేతి క్రింద తిని, స్నానము చేసి, నిద్రపోయేవారు. సాయంత్రము నాలుగు నుండి ఏడు వరకు పిల్లలు తల్లిదండ్రుల గదికి వచ్చేవారు. ఆ మూడు గంటలు తల్లిదండ్రులు మరే పనీ పెట్టుకొనేవారు కారు. తరువాత వెనక్కు తీసుకువెళ్ళి, పడుకోబెట్టి, దీపము ఆర్పి వచ్చేయాలి. రాత్రికి అందరికీ కలిపి ఒక కావలి మనిషి.

ఇది క్రూరత్వముతో చేసినది కాదు. తల్లి కూడా తండ్రితో సమానముగా పని చేయాలి, ఏ బిడ్డా ఎక్కువ కాదు, ఏ బిడ్డా తక్కువ కాదు అని మంచి మనసుతోనే చేశారు. సవ్తా తానే కొన్నేళ్ళు ఆయాగా పని చేశారు. ఇతరుల బిడ్డలకు ఆమె అన్నము పెడుతుంటే, ఆమె బిడ్డలకు మరొకరు పెట్టేవారు.

“మా పెద్దవాడికి నాలుగేళ్ళప్పుడు,” అన్నారు సవ్తా, “రాత్రి వాన. తలుపు చప్పుడైతే తీశాను. ఒక్కడే చీకట్లో, చెప్పులు లేకుండా, తడిసి నిలబడి ఉన్నాడు. తల తుడిచాను. ఎత్తుకొని తిరిగి అక్కడే పడుకోబెట్టి వచ్చాను. అది నియమము. ఎన్నిసార్లు వచ్చాడో లెక్క పెట్టలేదు.”

మరొకటి కూడా చెప్పారు. చిన్నపిల్లల బట్టలు గుంపులో అందరికీ ఉమ్మడి. తన కొడుకు చొక్కా లోపలివైపు ఎవరికీ తెలియకుండా ఎర్ర దారముతో చిన్న పువ్వు కుట్టారట. వారము తిరిగేసరికి ఆ చొక్కా మరొక పిల్లవాడి ఒంటి మీద కనబడింది. “వాడూ మన బిడ్డే కదా అనుకున్నాను. అలా అనుకోవాలని మాకు నేర్పారు. అనుకున్నాను గానీ, ఆ రోజు నాకు అన్నము దిగలేదు.”

మాకు హన్నా గుర్తుకు వచ్చింది. సమూయేలును మందిరములో విడిచిన ఆ తల్లి ఏటేటా చిన్న అంగీ కుట్టి తీసుకువెళ్ళేది. కనీసము ఆ అంగీ తన కొడుకే తొడుక్కున్నాడు.

1970ల నుండి ఒక్కొక్క ఊరిలో తల్లులు ఎదురు చెప్పసాగారు. 1991లో గల్ఫ్ యుద్ధపు క్షిపణులు పడుతున్నప్పుడు బిడ్డలను ప్రక్కన పడుకోబెట్టుకోకుండా ఎవరూ ఉండలేకపోయారు. 1990ల చివరికి ఆ పద్ధతి దాదాపు అంతటా పోయింది. ఈ ఊరిలో అంతకు ముందే ఓటు జరిగిందట. సవ్తా పిల్లలు అప్పటికే పెద్దవారు. అయినా “మొదట చెయ్యి ఎత్తింది నేనే” అన్నారు.

అప్పటిదాకా మాట మాటా తెలుగులో చెబుతున్న మా సహోదరి అక్కడ ఆగిపోయింది. పిల్లల ఇంటి ఆయాను హెబ్రీలో మెతపెలెత్ అంటారు. ఈ రోజు ముసలివారికి సేవ చేయడానికి పరదేశము నుండి వచ్చిన స్త్రీని కూడా అదే మాటతో పిలుస్తారు. ఆమె కొంగుతో ముఖము తుడుచుకొని, “నన్ను కూడా ఇక్కడ అలాగే అంటారు అమ్మగారూ” అంది.

సాయంత్రము ఆరు గంటలైంది. మన దేశములో అప్పుడు రాత్రి ఎనిమిదిన్నర. ఆమె పిల్లలు అన్నాలు తిని అమ్మమ్మ ఫోను ముందు కూర్చొనే వేళ. సవ్తాకు ఆ సంగతి తెలుసు. మాటలు ఆపేసి, “వెళ్ళు, ఇది నీ గంట” అని ఆమెను లోపలికి పంపించారు.

ఇప్పటి ఊరు

1980లలో ఆ దేశములో ధరలు విపరీతముగా పెరిగి, అప్పుల మీద వడ్డీలు ఆకాశానికి అంటాయి. 1985 తరువాత అనేక కిబ్బుత్సులు తీర్చలేని బాకీలలో పడ్డాయి. యౌవనస్థులు పట్టణాలకు వెళ్ళిపోయారు. ఊళ్ళు నిలవాలంటే పద్ధతి మారక తప్పలేదు. దెగానియాయే 2007లో ఎవరి జీతము వారికి అన్న పద్ధతికి మారింది. మేము చూచిన ఊరిలో కూడా భోజనశాల మధ్యాహ్నము మాత్రమే తెరుస్తారు, తిన్నదానికి కార్డుతో డబ్బు కట్టాలి. ప్రతి ఇంటిలో వంటగది, కెటిల్ ఉన్నాయి. అయితే సంపాదించే ప్రతివారూ ఉమ్మడి నిధికి కొంత కడతారు. ముసలివారి పింఛను, రోగుల ఖర్చు దానిలో నుండే వస్తాయి. సవ్తా గౌరవముగా బ్రతుకుతున్నది ఆ నిధి వల్లనే.

పొలాలు మాత్రము ఇప్పటికీ ఉమ్మడివే. అరటితోటలను వలల పందిళ్ళ క్రింద పెంచుతున్నారు. తోటలలో ఎక్కువగా థాయిలాండు నుండి వచ్చిన కూలీలు కనబడ్డారు. కూలివాడు వద్దన్న ఊరిలో ఇప్పుడు కూలివారే ఎక్కువ. పశువుల పాకలో ఆవులకు ఎండ తగలకుండా పెద్ద పంకాలు, నీళ్ళ తుంపర. రోజుకు మూడు పూటలు పాలు పితుకుతారు. ఆ దేశములో ఒక్కొక్క ఆవు ఏటా 11 వేల లీటర్లకు పైగా పాలిస్తుందని విని, పూటకు మూడు లీటర్లిచ్చే మా గేదెను తలచుకొని నవ్వుకున్నాము. ప్రతి చెట్టు మొదటికీ నల్లని డ్రిప్ పైపు ఉంది. ఆ బిందు సేద్యపు పరికరాలు 1965లో నెగెవు ఎడారిలోని హత్సెరీమ్ అనే కిబ్బుత్సులో నెతాఫిమ్ పేరుతో తయారు కాసాగాయి. 2003 నుండి మన ప్రభుత్వ సూక్ష్మ సేద్య పథకము ద్వారా అనంతపురము బత్తాయి తోటల వరకు పాకిన పద్ధతి అదే. ఉమ్మడి సేద్యపు ఊరి మేలు మన బీద రైతు గట్టు వరకు వచ్చింది.

ప్రథమ ఫలముల పండుగ

ఆ ఏడాది మే 20వ తేదీ ఆదివారము మనకు పెంతెకొస్తు. యూదుల వారముల పండుగ కూడా సరిగ్గా ఆనాడే వచ్చింది. ఉదయము మా సహోదరి గదిలో మేము ముగ్గురము కూర్చొని అపొస్తలుల కార్యములు రెండవ అధ్యాయము చదువుకొని ప్రార్థించాము. ఆ ఊరిలో సమాజమందిరము లేదు. ఎక్కువమంది కిబ్బుత్సువారు భక్తి విషయములో పట్టింపు లేనివారు. సవ్తా తన కుర్చీలో వాకిట ఆగి, ఏమి చదివారని అడిగారు. విశ్వాసులు ఆస్తులమ్మి అందరికీ పంచి, కలిసి భోజనము చేసిన సంగతి మా సహోదరి వివరించింది.

సవ్తా ఆసక్తిగా విని ఒకే ఒక ప్రశ్న వేశారు. “అది ఎంతకాలము సాగింది?”

మాకు వెంటనే జవాబు తోచలేదు.

సాయంత్రము కోసిన పొలములో గడ్డి కట్టలు పేర్చి ఊరంతా కూడారు. అందరూ తెల్లబట్టలు, పిల్లల తలల మీద పూల కిరీటాలు. అలంకరించిన ట్రాక్టర్లు వరుసగా వచ్చాయి. గోధుమ పనలు, అరటి గెలలు, తేనె, ఒక లేగదూడ. మన సంఘములలో కోత పండుగనాడు గుమ్మడికాయలు, కోడిపెట్టలు, మొదటి వడ్లు తెచ్చి బలిపీఠము ముందు పెట్టడము కళ్ళ ముందు మెదిలింది. దేవుని పేరు ఎత్తకుండానే ఆ వేడుక సాగడము మాకు వెలితిగా తోచింది. అయితే చివర వచ్చిన ట్రాక్టరు మీద ఆ సంవత్సరము పుట్టిన పసిబిడ్డలను ఎత్తుకొని తల్లిదండ్రులు నిలబడి ఉన్నారు. ఒక్కొక్క బిడ్డ పేరు చదువుతుంటే ఊరు చప్పట్లు కొట్టింది. అవి ఆ ఊరి ప్రథమ ఫలములు.

సవ్తా మా చెయ్యి పట్టుకొని, “చూశారా, వేడుక అయ్యాక ఎవరి బిడ్డను వారు ఇంటికి తీసుకువెళ్తారు” అన్నారు.

మనకు చెప్పుచున్నదేమి?

సవ్తా ప్రశ్నకు జవాబు మాకు తిరుగు ప్రయాణములో తోచింది. యెరూషలేము సంఘములో పంచుకోవడము బలవంతము కాదు. పొలము అమ్మకముందు అది నీదే కదా అనే అర్థములో పేతురు అననీయతో అన్నాడు. పైగా ఆ విశ్వాసులు ఇంటింట రొట్టె విరిచారు. ఇండ్లు మూసివేయలేదు. మార్కు తల్లియైన మరియ ఇల్లు ప్రార్థనకు తెరిచే ఉంది. ఆ తరువాత యూదయలో కరవు వచ్చినప్పుడు అంతియొకయ సంఘము ఎవరి శక్తి కొలది వారు పంపారు. ఆ పంచుకోవడము రూపము మారింది గాని ఆగలేదు. పంచదగినది పొలము, పంట, డబ్బు. బిడ్డ నిద్రపోయే వేళ తల్లి ఒడి పంచదగినది కాదు. ఆ తేడా తెలుసుకోవడానికి మంచి మనసుగల ఆ ఊళ్ళకు కొన్ని తరాలు పట్టింది.

వారిని తప్పుపట్టే ముందు మన ఇండ్లు చూచుకొందము. వారు సమానత్వము కొరకు చేసిన పనిని మనము అప్పు కొరకు, ఇంగ్లీషు చదువు కొరకు చేస్తున్నాము. మన గ్రామాలలో ఎంతమంది తల్లులు గల్ఫులో పరాయి బిడ్డలకు స్నానము చేయిస్తున్నారు! ఆరేళ్ళ బిడ్డను హాస్టలులో దింపి వచ్చేవారు మనలో ఎందరు! కొందరికి మరో దారి లేదు, అది మాకు తెలుసు. అయితే ఆ సహోదరి అప్పును సంఘమంతా కలిసి తలా కొంత మోసి ఉంటే ఆమె వెళ్ళవలసి వచ్చేదా? ఈ ప్రశ్న మమ్మల్ని ఇప్పటికీ విడువలేదు. ఆమె ప్రయాణానికి ప్రార్థన చేసి పంపినవారము మేమే.

సవ్తా 2021లో కన్నుమూశారు. మరుసటి సంవత్సరము మా సహోదరి ఇంటికి వచ్చేసింది. అప్పు తీరింది, డాబా లేచింది. మొదటి రాత్రి ఆమె కూతురు అలవాటుగా అమ్మమ్మ ప్రక్కనే చాప వేసుకుంది. తల్లి ప్రక్కకు రావడానికి ఆ పిల్లకు చాలా నెలలు పట్టింది.

2023 అక్టోబరు 7న గాజా సరిహద్దున ఉన్న కిబ్బుత్సుల మీద దాడి జరిగి అనేక కుటుంబాలు హతమయ్యాయి, పిల్లలు కూడా బందీలయ్యారు. ఆ తరువాతి యుద్ధములో గాజాలో వేలాది పిల్లలు చనిపోయారు. రెండు వైపులా బిడ్డలను పోగొట్టుకొన్న తల్లుల కొరకు మన కుటుంబ ప్రార్థనలలో మొఱ్ఱపెట్టవలసినవారమై ఉన్నాము.

ప్రియ పాఠకులారా, ఈ సాయంత్రము మీ ఇంట దీపము పెట్టే వేళ మీ బిడ్డలు మీ ప్రక్కన ఉంటే దేవుని స్తుతించండి. ఫోను, టీవీ ప్రక్కన పెట్టి ఆ గంట వారికి ఇవ్వండి. మీ వీధిలో తల్లి దూరమైన బిడ్డ ఉంటే, ఆ బిడ్డను కూడా మీ చాప మీద కూర్చోబెట్టుకొని ప్రార్థన చేయండి. ఉన్నదానిలో పంచుకొనే మనసు, పంచకూడనిదాన్ని కాపాడుకొనే జ్ఞానము ప్రభువు మనకు దయచేయును గాక.